ఉన్నది అరవై నాలుగే

మే 9, 2006. మంగళవారం

పావని మళ్ళీ వచ్చింది. వారంలో ఇది మూడోసారి.

గవరపాలెంలో ఇంటి ముందు గదిలో గేమ్ సెంటర్ నడుపుతుందావిడ. వేసవి సెలవుల కోసమని మార్చి నెలాఖరున మా షాపులో గేముల బొమ్మల కోసం పెట్టే గ్రాఫిక్స్ కార్డులు ఐదు కొంది. ఐదూ నేనే బిగించాను. ఇప్పుడు కొత్త కారు రేసు గేమ్ ఒకటి వచ్చింది. పిల్లలందరికీ అదే కావాలి. అది తెరవగానే 'వీడియో మెమరీ 128 ఎంబీ ఉండాలి, మీ కార్డులో 64 మాత్రమే ఉంది' అని చెప్పి మూసుకుపోతోంది.

పావని ఆ కార్డు ఖాళీ డబ్బా తెచ్చి కౌంటర్ మీద బోర్లించింది.

"ఏటమ్మా ఇది? రెండొందల ఏభై ఆరని ఇంతేసి అక్షరాల్తో రాసీసేరు. గేమేమో అరవై నాలుగంటంది. మిగతాదంతా ఎవులు మింగీసేరు?"

గేమే తప్పు లెక్క వేస్తోందని చెప్పాను. కంప్యూటర్లో చూస్తే 256 అనే కనిపిస్తోంది కదా. కొత్త గేములు కొన్ని కార్డుల్ని సరిగా పోల్చుకోలేవు. ఇలాంటివి బోలెడు చూశాను.

షాపు ఓనరు త్రినాధరావు సార్ కూడా అదే అన్నారు. "మా లోవమ్మ సూత్తాదండి. మా షాపుకి ఇంజినీరు ఆవిడే."

ఆ మాట ఆయన ఎవరి ముందైనా అంటారు. పాలిటెక్నిక్ పూర్తయ్యాక అనకాపల్లిలో ఎన్ని షాపులు తిరిగానో! అన్నిచోట్లా టైపింగ్‌కి కూర్చోమన్నారు. నా చేతికి స్క్రూడ్రైవర్ ఇచ్చింది ఈయనొక్కరే. మూడేళ్ళయింది.

రేపటికి తేల్చేస్తాను. పెద్ద విషయం కాదు.

మే 10

పావని సెంటర్‌లో కూర్చుని కార్డుని నడిపించే డ్రైవర్ సాఫ్ట్‌వేర్ తీసి మళ్ళీ వేశాను. పాత డ్రైవర్ వేశాను. బయోస్‌లో వీడియో సెట్టింగులు మార్చాను. గేమ్ కంపెనీ ఇచ్చిన ప్యాచ్ వేశాను. ఒక మిషన్‌లో విండోస్ మొత్తం తుడిచేసి మొదట్నుంచీ ఎక్కించాను. మధ్యలో రెండుసార్లు కరెంటు పోయింది.

అరవై నాలుగు.

మే 11

అరవై నాలుగు.

మే 12, శుక్రవారం

ఇంటర్నెట్‌లో ఎవరో రాశారు. గేమ్ ఫోల్డర్‌లో ఒక చిన్న ఫైలు ఉంటుందట. అందులో ఒక్క లైను చెరిపేస్తే ఇక మెమరీ ఎంతని అడగదట. సార్‌కి చెప్పాను. "మరింకేటి, సెరిపీ. ఆవిడ గోల ఆగుతాది," అన్నారు.

ఐదు మిషన్లలోనూ చెరిపాను. గేమ్ తెరుచుకుంది. పావని చప్పట్లు కొట్టింది. కానీ రోడ్డు బూడిద రంగులో ఉంది. కార్లన్నీ సున్నం కొట్టినట్టు తెల్లగా ఉన్నాయి. మలుపు వచ్చినప్పుడల్లా బొమ్మ ఆగి ఆగి కదులుతోంది.

"ఇదేటి, రంగుల్లేవు?"

"రెండు మూడుసార్లు ఆడాక వస్తాయి," అన్నాను.

వస్తాయో రావో నాకు తెలీదు. ఆవిడ టీ తెచ్చి ఇచ్చింది. తాగాను.

మే 13

రంగులు రాలేదు. పావని ఫోన్ చేసింది. నేను షాపులో లేనని సేల్స్ చూసే అయ్యప్ప చేత చెప్పించాను.

మే 15, సోమవారం

పావని సెంటర్‌లోంచి ఒక మిషన్‌ని షాపుకి తెచ్చుకున్నాను. గేమ్ పెట్టగానే బిగుసుకుపోయింది. స్విచ్ ఆపకుండా రీసెట్ బటన్ నొక్కాను. అంతే, దొరికింది.

మామూలుగా స్విచ్ వేసినప్పుడు మానిటర్ వెచ్చబడి బొమ్మ చూపించడానికి నాలుగైదు క్షణాలు పడుతుంది. అప్పటికే మొదటి లైను వెళ్ళిపోతుంది. ఎవరూ దాన్ని చూడరు. డ్రైవర్లు వేసి రీస్టార్ట్ చేసినప్పుడు ఒక్క క్షణం మెరిసే ఉంటుంది, నేనూ మూడేళ్ళుగా పట్టించుకోలేదు. రీసెట్ నొక్కితే మానిటర్ వెలిగే ఉంటుంది కాబట్టి కనిపించింది. నల్ల తెర మీద, పైన ఎడమవైపు మూల, కార్డు పేరు. దాని కింద 64.

విండోస్ రాకముందు, డ్రైవర్ రాకముందు, కార్డు తన గురించి తానే చెప్పుకున్న మాట అది.

కార్డు బయటికి తీశాను. ఫ్యాన్ విప్పాను. మెమరీ చిప్పులు నాలుగున్నాయి. వాటి మీది నంబర్లు రాసుకుని నెట్‌లో వెతికితే ఒక్కొక్కటి పదహారని తేలింది. నాలుగు పదహార్లు అరవై నాలుగు.

డబ్బా మళ్ళీ చూశాను. 256 అనే పెద్ద అంకె పైన ఆవగింజంత అక్షరాలతో 'వరకు సపోర్టు చేస్తుంది' అని ఇంగ్లీషులో ఉంది. కార్డులో ఉన్నది అరవై నాలుగే. మిగిలింది కంప్యూటర్‌లో ఉండే మామూలు మెమరీ నుంచి అరువు తెచ్చుకుంటుంది. విండోస్ రెండూ కలిపి 256 అంటోంది. గేమ్ మాత్రం కార్డులో నిజంగా ఎంతుందో అదే చూస్తోంది. అంటే వారం రోజులుగా నేను తప్పని తిట్టుకున్న గేమే నిజం చెబుతోంది.

సార్‌కి ఇది తెలిసి ఉండదు. విశాఖపట్నం డీలరు మోసం చేసి ఉంటాడు. రేపు చెప్పాలి. పాపం, ఎంత బాధపడతారో.

మే 16

చెప్పలేదు. షాపు నిండా జనం.

మే 17, బుధవారం

పావని ఈసారి గట్టిగా అరుచుకుంటూ వచ్చింది. షాపులో ఏడెనిమిది మంది ఉన్నారు.

"ఏప్రిల్లో దుమ్ము తీత్తానని ఐదు పెట్టెలూ ఆటోలో ఏసుకెళ్ళేవు గదే! అప్పుడే మార్చీసేవు. మంచియి తీసీసి పాతయి పెట్టీసేవు. మళ్ళీ ఏటీ ఎరగనట్టు రంగులొత్తాయి, రంగులొత్తాయి అని నాకే సెప్తావా?"

దుమ్ము తీయడానికి పెట్టెలు తీసుకెళ్ళిన మాట నిజమే, కార్డులు మాత్రం మార్చలేదు. రంగుల విషయం అబద్ధమే కదా. ఆ ఒక్క అబద్ధం వల్ల మిగతాది కూడా నిజమన్నట్టు నిలబడిపోయాను.

సార్ వైపు చూశాను. మా లోవమ్మ అలాంటిది కాదు అంటారని చూశాను. ఆయన కళ్ళజోడు తుడుచుకున్నారు. "నేను కనుక్కుంటానండి. మీరు ఎల్లండి," అన్నారు. అయ్యప్ప స్టేప్లర్‌లో పిన్నులు నింపుతూ తలెత్తలేదు.

అందరూ వెళ్ళాక సార్‌కి చిప్పుల సంగతి, మొదటి లైను సంగతి అంతా చెప్పాను. ఆయన అదెలా తెలిసిందని అడగలేదు. డబ్బా తెమ్మని అనలేదు.

"ఇంకెవరికైనా సెప్పేవా?" అని అడిగారు.

కంగారులో అలా అడిగి ఉంటారు.

మే 18

మా ఊరు కశింకోట వెళ్ళే ఆటోలో నా పక్కన కూర్చున్న ఇద్దరు నేను ఎక్కగానే మాటలు ఆపేశారు. ఇంటికి వెళ్ళేసరికి అమ్మ గుమ్మంలో ఉంది.

"నువ్వు షాపులో సామాన్లు మార్చీసేవని అనుకుంటన్నారటే?"

"నేను చెయ్యలేదమ్మా."

"సేయలేదని నాకు తెల్సు. నాకు తెలిత్తే సాలదు గదా. ఆళ్ళకెవులు సెప్తారు?"

"సార్ చెప్తారు."

అమ్మ నా వైపు అదోలా చూసి అన్నం వడ్డించింది. అమ్మ పేరు చిన్నమ్మలు. చూపు మాత్రం చిన్నది కాదు.

మే 20, శనివారం

సార్ వెనక గదికి పిలిచారు. బల్ల మీద తెల్ల కాగితం, పెన్ను.

"సూడమ్మా. దుమ్ము తీసినప్పుడు ఏరే కస్టమర్ కార్డులు పొరపాటున మారిపోయేయని ఓ కాయితం రాసియ్యి. దొంగతనం అని కాదు, పొరపాటని. నేను ఆవిడకి కార్డులు మార్చిచ్చేత్తాను. నీ ఉద్యోగానికేటీ అవదు. నెల తిరిగేసరికి అందరూ మర్చిపోతారు."

"సార్, మీకు ముందే తెలుసా?"

ఫ్యాన్ తిరుగుతోంది. కాగితం ఎగరకుండా ఆయన దాని మీద చెయ్యి పెట్టారు.

"ఉగాదికి ముందే తెల్సింది. అప్పటికే నలభై డబ్బాలు దిగీసేయి. నేనేటి సేసేది? అందరూ ఇలాగే అమ్ముతున్నారు. డబ్బా మీద రాసే ఉంది గదా, సదూకోకపోతే మనదా తప్పు?"

"మరి నన్ను దొంగంటే ఎందుకు ఊరుకున్నారు?"

"నిన్ను నా పిల్లలా సూసుకున్నాను, లోవమ్మా. షాపు పేరు పోతే నీకూ పని ఉండదు. ఒక్క కాయితం."

కాగితం తీసుకున్నాను. ఆలోచించి చెప్తానన్నాను. ఎందుకలా అన్నానో!

మే 21, ఆదివారం

రాస్తే ఏమవుతుంది? పొరపాట్లు అందరూ చేస్తారు. ఆయన లేకపోతే నేను ఈపాటికి ఎక్కడో అప్లికేషన్లు టైపు చేస్తూ ఉండేదాన్ని. కార్డుని అంచుల దగ్గరే పట్టుకోవాలని, చిప్పుని ముట్టుకునే ముందు ఇనుప పెట్టెని ముట్టుకోవాలని నేర్పింది ఆయనే. వేడి టంకం నా వేలి మీద పడితే డాక్టర్ దగ్గరికి స్కూటర్ మీద తీసుకెళ్ళింది ఆయనే.

విడి కాగితాల మీద మూడుసార్లు రాసి చూశాను. చేతిరాత బాగానే ఉంది.

నాలుగోసారి 'నేను' అన్న మాట దగ్గర పెన్ను ఆగిపోయింది. షాపులో వారంటీ రిజిస్టర్ ఉంది. అమ్మిన ప్రతి కార్డు నంబరూ అందులో నా చేత్తోనే రాశాను. పావనివి ఐదూ ఉన్నాయి. ఆ నంబర్లూ, ఇప్పుడు ఆవిడ మిషన్లలో ఉన్న నంబర్లూ ఒకటే. నేను ఈ కాగితం రాస్తే ఆ రిజిస్టర్ అబద్ధం అవుతుంది. అది నేను మూడేళ్ళు రాసిన పుస్తకం. అందులో ఒక్క కొట్టివేత కూడా లేదు.

రాయను. ఆయన కాళ్ళు పట్టుకున్నా రాయను. ఆయన పట్టుకోరు, అది వేరే విషయం.

మే 22, సోమవారం

ఇది వివరంగా రాసుకోవాలి. తర్వాత నేనే నమ్మకపోవచ్చు.

పొద్దున్నే పావని ఇంటికి వెళ్ళాను. ఆవిడ గుమ్మంలోనే నిలబెట్టింది.

"అందరి ముందూ నన్ను దొంగన్నారు. అందరి ముందే ఒకటి చూపిస్తాను. షాపుకి రండి. మీ మిషన్‌లో ఉన్న కార్డు ఒకటి పట్టుకుని రండి."

"రాకపోతే ఏటి సేత్తావు?"

"రేపు మళ్ళీ వస్తాను. ఎల్లుండీ వస్తాను."

నన్ను పైనుంచి కిందికి చూసి చెప్పులేసుకుంది.

షాపులో పదకొండు గంటలకి రద్దీ ఎక్కువ. నేను రిజిస్టర్ తెరిచి కౌంటర్ మీద పెట్టాను. పావని తన కార్డు మీది నంబరు పైకి చదివింది. నేను రిజిస్టర్‌లో వేలు పెట్టి చూపించాను. ఒకటే నంబరు. ఒక పెద్దాయన కూడా ఒంగి చూసి అవునన్నాడు.

"నంబరు కాయితం అంటించుకోడమే గదా. అదీ మార్చీసుంటావు," అంది పావని. అంత తొందరగా నమ్మే మనిషి కాదు.

అప్పుడు బీరువాలోంచి అదే రకం కొత్త డబ్బా తీశాను. సీలు అలాగే ఉంది. ఆవిడ చేతికిచ్చాను.

"మీరే చింపండి."

సార్ కుర్చీలోంచి లేచారు. "లోవమ్మా, అది పెట్టీ. అమ్మకం సరుకది."

"చింపండక్కా," అన్నాను. అక్కా అని ఎలా వచ్చిందో తెలీదు.

పావని పళ్ళతో సీలు కొరికి చింపింది. కార్డు తీసి డెమో మిషన్‌లో పెట్టాను. మానిటర్ బాగా వెచ్చబడనిచ్చి, అందరినీ పైన ఎడమవైపు మూల చూడమని, రీసెట్ నొక్కాను.

ఒక్క క్షణం కనిపించి పోయింది. మళ్ళీ నొక్కాను. మళ్ళీ నొక్కాను. నాలుగోసారికి పెద్దాయన పైకి చదివాడు. "అరవై నాలుగు."

పావని డబ్బా వంక చూసింది, తెర వంక చూసింది, తర్వాత సార్ వంక చూసింది.

"అయితే ఈ పిల్ల మింగలేదు. కార్డు పుట్టడమే అలాగ పుట్టింది. బాబూ, ఈ సంగతి తమరికి తెలీదా?"

సార్ జవాబు నాకు చెప్పారు, ఆవిడకి కాదు. "ఇంక నువ్వు రాక్కర్లేదు."

"రాను సార్. మీరు అడిగిన కాగితం కూడా రాయను. పొరపాటని రాయమన్నారు కదా, పొరపాటు నాది కాదు. నాది ఒకటే తప్పు. ఈవిడకి రంగులొస్తాయని అబద్ధం చెప్పాను. అది ఇప్పుడు అందరి ముందూ ఒప్పుకుంటున్నాను."

నా టిఫిన్ డబ్బా, స్క్రూడ్రైవర్ల సంచీ తీసుకున్నాను. స్క్రూడ్రైవర్లు నావే, కొనుక్కున్నవి.

మే 23

పది గంటల దాకా పడుకున్నాను. అమ్మ లేపలేదు.

మే 26

రింగ్ రోడ్డులో రెండు షాపులకి వెళ్ళాను. మొదటి షాపతను ఖాళీ లేదన్నాడు. రెండో అతను నిజం చెప్పాడు. "త్రినాధరావు బావ ఫోన్ సేసేడమ్మా. షాపులో గొడవలెట్టే మనిషంట గదా నువ్వు?"

"అవునండీ," అన్నాను. "అబద్ధం అమ్మితే పెడతాను."

బయటికొచ్చాక అలా అనకుండా ఉండాల్సిందేమో అనిపించింది. కాసేపే.

మే 29, సోమవారం

పావని కశింకోట వచ్చింది. ఆటో దిగి నాలుగిళ్ళలో అడిగి మా ఇల్లు కనుక్కుంది. అమ్మ పీట వేసింది గానీ మాట్లాడలేదు. పావని క్షమించమని అడగలేదు. ఆవిడకి ఆ మాట రాదనుకుంటాను.

"నేను నిన్ను దొంగన్నాను. మా ఈది ఈదంతా ఇన్నాది. ఇప్పుడు కాదని ఇల్లిల్లూ తిరిగి సెప్పలేను గదా. నువ్వు నా పక్కన కూకుంటే ఆళ్ళకే తెలుత్తాది. నా ముందు గదిలో కిటికీ కాడ బల్ల ఒకటి ఖాళీగా ఉంది. రిపేర్లు సేసుకో. రా."

"ఆలోచించి..." అన్నాను.

"ఏటి ఆలోసిత్తావు? సంచీ ఎక్కడ?"

సంచీ అమ్మ తెచ్చి ఇచ్చింది. అప్పుడు మాట్లాడింది. "సీకటి పడకుండా ఆటో ఎక్కించమ్మా, పావనీ. మా పిల్ల మెతక."

పావని పకపకా నవ్వింది. "మెతకా? సూసేన్లే."

జూన్ 3, శనివారం

కార్డుల సంగతి ఊళ్ళో పాకింది. వారంలో పదకొండు కార్డులు నా బల్ల మీదికొచ్చాయి. ఎక్కడ కొన్నారో నేను అడగను. ఎంతుందో చూసి చెప్తాను, అంతే. పదకొండూ అరవై నాలుగే. నక్కపల్లి నుంచి వచ్చిన ఒకాయన, "ఎలాగోలా గేములో రెండొందల ఏభై ఆరు కనబడేలా సెయ్యమ్మా, మావోడు ఏడుత్తన్నాడు," అని బతిమాలాడు. చెయ్యడం నాకు వచ్చు. చెయ్యనన్నాను.

వినియోగదారుల ఫోరానికి పావని పేరుతో ఒక అర్జీ తయారు చేశాను. చిప్పుల నంబర్లు, కార్డు నంబర్లు, డబ్బా మీది పెద్ద అంకె, చిన్న అక్షరాలు, అన్నీ రాశాను. సాక్షి దగ్గర నా సంతకం పెట్టాను. పావని దాన్ని పంపేముందు ఒక జిరాక్సు త్రినాధరావు గారి షాపులో ఇచ్చి వచ్చింది. నాకు చెప్పలేదు. చెబితే వద్దనేదాన్నేమో. లేదు, అనేదాన్ని కాదేమో.

జూన్ 8, గురువారం

మధ్యాహ్నం మూడింటికి ఆయనే వచ్చారు. అయ్యప్పని పంపలేదు. స్కూటర్ దిగి, సంచీలోంచి ఐదు డబ్బాలు తీసి నా బల్ల మీద పెట్టారు. వేరే రకం కార్డులు.

"ఇయి అసలైనయి. బిగించీ. ఆ అర్జీ పంపొద్దని ఆవిడకి సెప్పు. మిగతా వోళ్ళని కూడా రమ్మను, ఒక్కొక్కళ్ళకీ మార్చేత్తాను."

పావని గుమ్మానికి ఆనుకుని నిలబడింది. నా ఇష్టానికి వదిలేసిందని అర్థమైంది.

"బిగిస్తాను సార్. అందరికీ మార్చేదాకా ఆ అర్జీ ఇక్కడే ఉంటుంది. మీరు కూర్చోండి," అన్నాను. మొదటి మిషన్ ముందు కుర్చీ వేశాను. ఆయన కూర్చున్నారు. కార్డు పెట్టి, మానిటర్ వెచ్చబడనిచ్చి, రీసెట్ నొక్కాను.

"మీరే చదవండి."

కళ్ళజోడు పెట్టుకున్నారు. "రెండొందల ఏభై ఆరు."

రెండో మిషన్. కుర్చీ జరిపాను. "రెండొందల ఏభై ఆరు." మూడోది. గేములాడే పిల్లలు ఆటలాపి చూస్తున్నారు. నాలుగో మిషన్ దగ్గరికి వచ్చేసరికి ఆయన గొంతు తగ్గింది. ఐదోది చదవలేదు, తల ఊపారు.

"చదవండి సార్," అన్నాను.

చదివారు.

లేచి జేబురుమాలుతో మొహం తుడుచుకున్నారు. "రేపట్నుంచి షాపుకొచ్చీ. జరిగిందేదో జరిగింది."

"రానండి."

"కోపమా?"

"కోపమే."

"నీకు పని నేర్పింది నేనే గదమ్మా."

"మీరే సార్. అందుకే కనిపెట్టగలిగాను."

ఆయన ఖాళీ సంచీ మడిచి బయటికి నడిచారు. స్కూటర్ రెండు మూడు కిక్కులకి గానీ స్టార్ట్ అవలేదు. ఒకప్పుడైతే వెళ్ళి వెనక నుంచి తోసేదాన్ని. నిలబడి చూశాను. స్కూటర్ వెళ్ళిపోయాక తల వంచుకుని స్క్రూడ్రైవర్లు సంచీలో సర్దాను. గెలిచానని అనిపించలేదు. తప్పు చేశాననీ అనిపించలేదు. ఈ రెండూ కానిది కూడా ఒకటుంటుందని ఈ రోజే తెలిసింది.

"ఏడుత్తన్నావా?" అంది పావని.

"లేదక్కా."

"అయితే కూకో. ఓ ఆట ఆడు."

అప్పుడు గుర్తొచ్చింది. మూడేళ్ళలో కొన్ని వందల మిషన్లలో గేములు ఎక్కించాను. తెరుచుకుంటే చాలు, మూసేసేదాన్ని. ఒక్కటి కూడా ఆడలేదు.

చెరిపేసిన లైను ముందు తిరిగి రాశాను. గేమ్ మెమరీ చూసుకుని, ఏ పేచీ పెట్టకుండా తెరుచుకుంది. రోడ్డు నల్లగా నిగనిగలాడుతోంది. చెట్లు పచ్చగా ఉన్నాయి. నాది ఎర్ర కారు. పక్క మిషన్ ముందు పావని పైట బిగించి కూర్చుంది. ఆవిడ ఇంత బాగా ఆడుతుందని నాకు తెలీదు. పిల్లలు నా వెనక చేరి "బ్రేకండీ, బ్రేకు!" అని అరుస్తున్నారు. మొదటి మలుపులోనే గోడకి కొట్టాను. రెండో మలుపులో ఇంకో గోడకి. ఒకసారి వెనక్కి తిరిగి ఎదురొచ్చే కార్ల మీదికే పోయాను. నవ్వి నవ్వి పావని కారు కూడా గోడకి తగిలింది. అయినా ఆవిడే గెలిచింది.

నేను ఎనిమిదో స్థానంలో వచ్చాను. ఉన్నవి ఎనిమిది కార్లే.

మళ్ళీ పెట్టమన్నాను.